బూజు మిగిల్చిన దారి

మా ఆయన కర్రి సన్యాసినాయుడు గారు ముప్ఫై నాలుగేళ్లు జిగురుబూజుల్ని అగ్గిపెట్టెల్లో పెట్టారు. వినడానికి నవ్వులాటగా ఉంటుంది గానీ ఆ శాస్త్రంలో పద్ధతే అది. అడవిలో కుళ్ళిన దుంగ మీద గుండుసూది తలంత మొలిచే ఆ ప్రాణిని బెరడు ముక్కతో సహా కోసుకొచ్చి, ఖాళీ అగ్గిపెట్టె అడుగున జిగురుతో అతికించి, పైన పేరూ ఊరూ తేదీ రాసి అరలో సర్దాలి. విశాఖపట్నంలో మేమిద్దరం పనిచేసిన వృక్షశాస్త్ర విభాగంలో అలాంటి పెట్టెలు పదకొండు వేలున్నాయి. పెళ్లయిన కొత్తలో మా అత్తగారు వాటిని చూసి, "బీడీ ముట్టడు గదా నా కొడుకు, ఇన్ని అగ్గిపెట్టెలేటే?" అని నన్ను నిలదీసింది.

ఎండిపోయినవాటికి పేర్లు పెట్టడం ఆయన పని. బతికున్నవాటిని గాజుపళ్ళాల్లో పెంచడం నా పని. నా పేరు సత్యవేణి. నా చేతిలో ప్రయోగం పాడవదని విభాగంలో పేరుండేది. ఆ పేరు నాకు చాలా ఇష్టంగా కూడా ఉండేది. ముందే చెప్పేస్తున్నాను, ఎందుకంటే ఇదంతా అక్కడే మొదలైంది.

జిగురుబూజు ఏ గూటిదన్నది ఆయన జీవితకాలపు తగువు. విత్తనాల్లాంటి పొడి చల్లుతుంది కాబట్టి బూజేనని మొక్కలవాళ్ళు తమ జాబితాలో రాసుకున్నారు. పాకుతుంది, ఎదురొచ్చినదాన్ని మింగుతుంది కాబట్టి మాదేనని జంతువులవాళ్ళు తమ జాబితాలో రాసుకున్నారు. చివరికి ఇద్దరూ చేతులెత్తేసి ప్రోటిస్టా అనే మూడో జాబితాలోకి తోసేశారు. "ప్రోటిస్టా అంటే ఏమనుకున్నావు వేణీ? అటక! ఎక్కడా ఇమడని సామానంతా పడేసే చోటు" అనేవారు ఆయన. ఊరందరిదీ ఒకదారి ఉలిపికట్టెదొకదారి అన్నట్టుండే ఆ ప్రాణి అంటే ఆయనకు అందుకే ముద్దు. కుళ్ళిన ఆకుల మీది సూక్ష్మజీవుల్ని అది తింటుంది, దాన్ని పురుగులు తింటాయి, అడవి సాగుతుంది. పేరు తెలియకపోయినా అడవికి దాని పని తెలుసని ఆయన మాట.

అరవై ఒకటో ఏట, మూడో వరస అర ముందు ఒక పెట్టె పట్టుకుని నిలబడి, అందులో ఉన్నదాని పేరు చెప్పలేకపోయారు. నేను నవ్వాను. నెల తిరిగేసరికి వీధుల పేర్లు పోయాయి. తర్వాత స్నేహితుల పేర్లు. మెదడులో సన్నటి నెత్తురు గొట్టాలు ఒక్కొక్కటే మూసుకుపోతున్నాయని స్కానింగులో తేలింది.

"తుఫాను తర్వాత చూడండి మేడం, ఊళ్ళు ఉంటాయి, రోడ్లు కొట్టుకుపోతాయి. సార్ తలలో అదే జరుగుతోంది" అంది డాక్టర్ దంతులూరి సుభద్ర. మెదడు ఆపరేషన్లు చేసే మనిషి. నాకు రెండేళ్లుగా తోటి పరిశోధకురాలు కూడా.

మేమిద్దరం చేస్తున్న పని ఇది. అనంతగిరి కాఫీ తోటల్లో పడిపోయిన సిల్వర్ ఓక్ దుంగ కింద మా ఆయన ఒక పసుపుపచ్చ జిగురుబూజును పట్టుకొచ్చారు. గుడ్డు సొన ఒలికినట్టుండేది. మిగతావన్నీ చల్లటి తడిలోనే బతుకుతాయి, ఇది మాత్రం మనిషి ఒంటి వేడిలో హాయిగా పెరిగింది. పైగా ఒక చివర తాకిన కబురు ఇంకో చివరకు కరెంటులాగా చేరవేస్తుంది. నరం తెగిన ఎలుక మెదడులో దాని చుక్క ఒకటి వేస్తే, తెగిన రెండు కొసలనూ వెతికి పట్టుకుని కలిపింది. చిక్కుదారిలో తిండి ఎక్కడుందో మరిచిపోయిన ఎలుకలు మళ్ళీ పరుగెత్తాయి. మేం ఎగిరి గంతేశాం. ఆ ఎలుకలకు మేం నేర్పింది ఒకే ఒక్క దారి. అది గుర్తొస్తే పాసైనట్టే. అవి ఇంకేం మరిచిపోయాయో మేం వాటిని అడగలేదు.

ఆ బూజుకు ఆయన ఏ పేరూ పెట్టలేదు. ఏ కొత్త ప్రాణినైనా మూడు వానాకాలాలు అడవిలో చూడందే పేరు పెట్టకూడదని ఆయన నియమం. మూడో వానాకాలం వచ్చేసరికి ఆయనకే పేర్లు లేకుండా పోయాయి.

ఆపరేషన్‌కు వారం ముందు ఆయన తలలోకి పంపబోయే ఆ బూజును చూపించడానికి ఆయన్ని ప్రయోగశాలకు తీసుకెళ్లాను. గాజుపళ్ళెంలో ఈ కొసన ఒక ఓట్స్ గింజ, ఆ కొసన ఒకటి పెట్టి, మధ్యలో ముందురోజే బూజు ముద్ద వేసి ఉంచాను. అది పళ్ళెమంతా వల పరిచి, గింజలు రెండూ దొరికాక మిగతా పోగులన్నీ లోపలికి లాగేసుకుని, రెంటి మధ్యా ఒక్క లావుపాటి తాడుగా నిలిచింది. మెదడు లేదు, కళ్ళు లేవు. ఎంత పెరిగినా అదంతా ఒకటే కణం.

"చూశారా, ఎంత దగ్గరి దారి పట్టిందో!" అన్నాను.

ఆయన కళ్ళజోడు పైకి నెట్టుకుని చాలాసేపు వంగి చూశారు. "ఇవేంటి? ఈ తడి... తడి గీతలు?"

"అది వెళ్లి వదిలేసిన చోట్లండీ. జిగురు పూత మిగులుతుంది. ఆ పూత తగిలితే పక్కకు తిరిగిపోతుంది. ఒకసారి వదిలేసిన దారికి మళ్ళీ రాదు."

"ఎందుకని?"

"అక్కడ తిండి లేదని తెలిసిపోయింది కదా. మళ్ళీ వెతకడం దండగ."

"నువ్వు అది పట్టిన దారి చూస్తున్నావు వేణీ. వదిలేసినవే ఎక్కువున్నాయి" అన్నారు నెమ్మదిగా, మాటమాటకూ తడుముకుంటూ.

"పెళ్లికి పిలిస్తే పందిరి గుంజలు లెక్కపెట్టే రకం మీరు" అని ఎగతాళి చేశాను. ఆయనా నవ్వారు. ఒప్పుకోలు కాగితం మీద సంతకం పెట్టేటప్పుడు ఇంటిపేరు గుర్తురాక నా వైపు చూశారు. నేను చెప్పాను. రాశారు.

చెవి వెనక చిన్న రంధ్రం చేసి, ఆవగింజంత బూజును సుభద్ర లోపలికి పంపింది. తొమ్మిదో రోజు పొద్దున్న ఆయన కాఫీ ఒక గుక్క తాగి, "చక్కెర ఎక్కువైంది వేణీ" అన్నారు. ఆయన తడుముకోకుండా ఒక వాక్యం అనగా విని నాలుగు నెలలైంది. నేను వంటింట్లోకి పోయి స్టవ్ కట్టేసి ఏడ్చాను.

ఆ నెల మా ఇంట్లో పండగ. విభాగంలో ఆయన దగ్గర ముప్ఫై ఏళ్లు అటెండరుగా చేసిన ఎర్నాయుడు ఒక ట్రే నిండా అగ్గిపెట్టెలు మోసుకొచ్చాడు. మా ఆయన ఒక్కొక్కటే తెరిచి నలభై పెట్టెలకు వరసగా పేర్లు చెప్పారు. రెండు చోట్ల తన పాత రాతలోనే తప్పు పట్టుకున్నారు. "సారొచ్చిసినారమ్మా! మా సారు మల్లీ వొచ్చిసినారు!" అని ఎర్నాయుడు తువ్వాలుతో కళ్ళు తుడుచుకున్నాడు.

మా అమ్మాయి తరళ విజయనగరంలో ఇంటర్ కాలేజీలో లెక్కలు చెబుతుంది. ప్రతి ఆదివారం పొద్దున్నే రైలెక్కి వచ్చేది. తండ్రీ కూతుళ్లు కలిస్తే ఇక ఇల్లు ఇల్లు కాదు. పేకాట, పాత పాటలు, బీచ్‌లో ముంత మసాలా, పక్కింటివాళ్ల మీద కబుర్లు. "నీ జడేదే?" అని ఆయన ఆమె కత్తిరించుకున్న జుట్టు మీద రోజంతా ఏడిపించేవారు. "నీ జుట్టేది నాన్నా, ముందు అది చెప్పు" అని ఆమె బట్టతల మీద తట్టేది.

ఇక నా పని. ఆపరేషన్ అయిన దగ్గర్నుంచి రోజూ పొద్దున్న తొమ్మిదింటికి, అదే కిటికీ పక్కన, అదే పేము కుర్చీలో ఆయన్ని కూర్చోబెట్టి ఇరవై ప్రశ్నలు అడిగేదాన్ని. పేరు, పుట్టిన ఊరు, నెలలు వెనకనుంచి చెప్పడం, వందలోంచి ఏడేడు తీసేయడం, నా చేతిలోని అగ్గిపెట్టెలో ఏముందో చెప్పడం, ఇలాంటివి. అవే ప్రశ్నలు, అదే వరస, అవే మాటలు. అయిపోగానే ఒక గ్లాసు పంచదార వేసిన పాలు. ప్రయోగశాలలో బూజుకు కూడా రోజూ తొమ్మిదింటికే గింజ వేసేదాన్ని. అలవాటు.

"మేడం, ప్రశ్నలు మారుస్తూ ఉండండి. నా దగ్గర నాలుగు రకాల కాగితాలున్నాయి" అంది సుభద్ర.

"రోజుకో గిద్దెతో కొలిస్తే బియ్యం పెరిగిందో తగ్గిందో ఎలా తెలుస్తుంది?" అన్నాను. నేను పట్టిన కుందేలుకు మూడే కాళ్ళు.

మొదట రాసుకున్న జాబితాలో 'మీ అమ్మాయి పేరేమిటి?' అన్న ప్రశ్న కూడా ఉండేది. జబ్బు ముదిరిన రోజుల్లో కూడా ఆయన దానికి తడుముకోలేదు. ఎప్పుడూ తప్పు రాని ప్రశ్న కొలతకు పనికిరాదు. కాబట్టి ఆపరేషన్‌కు ముందే దాన్ని కొట్టేసి, దాని స్థానంలో ఆంధ్రప్రదేశ్ రాష్ట్ర పక్షి ఏదని రాశాను.

పన్నెండు, పద్నాలుగు, పదిహేడు. మార్కులు పెరుగుతున్నాయి. కానీ ప్రతి సోమవారం పడిపోతున్నాయి. శనివారం పదిహేడు వస్తే సోమవారం పద్నాలుగు. ఏడు వారాల గీత గీసి చూస్తే రంపం పళ్ళలా ఉంది. ఆదివారం ఏం జరుగుతోందో చెప్పడానికి పెద్ద చదువు అక్కర్లేదు. తరళ వస్తోంది. పరీక్ష ముందు సినిమాకు పోవద్దని పిల్లలకు చెప్తాం కదా, అదే తర్కం నాకు తట్టింది. ఫోన్ చేశాను.

"ఒక మూడు నెలలు రావద్దే."

"నేనొస్తే నాన్నకేమైనా చెడుపా?"

"చెడుపు కాదు. లెక్కకి అడ్డం వస్తోంది."

"నేను అడ్డమా అమ్మా?" నవ్వుతూనే అంది గానీ ఆ నవ్వు తెగింది.

"మూడు నెలలేగా. తర్వాత జీవితాంతం నీ నాన్నే. ఫోన్ కూడా చెయ్యకు, గొంతు వింటే ఆయన నిలవరు."

లెక్కలు చెప్పే పిల్ల. లెక్కకోసం అంటే ఒప్పుకుంది.

ఆ తర్వాత అడ్డమన్నవన్నీ ఏరిపారేశాను. రేడియో, పేపరు, వచ్చిపోయే స్నేహితులు, బీచ్. సాయంత్రం నడక కూడా రోజూ ఒకే వీధిలో, అదే మలుపు దాకా. ఆయనేమీ పేచీ పెట్టలేదు. పైగా రోజురోజుకూ నెమ్మదించారు. పద్దెనిమిది, పంతొమ్మిది. డిసెంబరు మొదటి వారంలో ఇరవైకి ఇరవై వచ్చాయి. మర్నాడూ ఇరవై. వరసగా ముప్ఫై నాలుగు రోజులు ఇరవై. ప్రశ్న పూర్తి కాకుండానే జవాబు వచ్చేది. నేను ఆ గీతను ఫ్రేము కట్టించినంత పని చేశాను.

ఆ సంతోషంలోనే ఆయన్ని విభాగానికి తీసుకెళ్లాను. మెట్ల దగ్గర ఎర్నాయుడు ఎదురొచ్చాడు. మా ఆయన రెండు చేతులూ జోడించి నమస్కారం పెట్టి పక్కకు తప్పుకున్నారు. లోపల ఒక పెట్టె తెరిచి చూపించాను. మా ఇంట్లో రోజూ చూపించే పెట్టెలోని పేరు చెప్పారు. ఇంకొకటి తెరిచాను. అదే పేరు. పదో పెట్టెకూ అదే పేరు, అదే స్పష్టమైన గొంతుతో.

"అలసిపోయారు" అన్నాను ఎర్నాయుడితో.

అతను నా మొహం చూడలేదు. "సారు నాకు దణ్ణవెట్టినారమ్మా. ముప్పయ్యేళ్ళలో సారు నాకు దణ్ణవెట్టడం ఏటమ్మా? ఏరా ఎర్నాయుడూ అంటారు గానీ" అన్నాడు.

నేను వినదలుచుకోలేదు. ముప్ఫై నాలుగు రోజుల లెక్క ఒకవైపు, అటెండరు అనుమానం ఒకవైపు. ఇంటికొచ్చి మర్నాడు ప్రశ్నలు అడిగాను. ఇరవై వచ్చాయి. హాయిగా ఊపిరి పీల్చుకున్నాను.

ఆ ఆదివారమే తరళ వచ్చేసింది. మూడు నెలలకు ఇంకా పదకొండు రోజులుంది. "ఇక నావల్ల కాదమ్మా, తిట్టుకుంటే తిట్టుకో" అంటూ చెప్పులు విప్పేసి నేరుగా ఆయన గదిలోకి పోయింది. నేను వెనకే ఉన్నాను.

"నాన్నా!"

ఆయన తలెత్తారు. పెద్దమనిషి తరహాగా కొంచెం లేచి నిలబడ్డారు. "ఎవరు కావాలమ్మా మీకు?" అన్నారు.

తరళ వేళాకోళం అనుకుంది. "జడ కావాలి" అంది నవ్వుతూ. ఆయన నవ్వలేదు. ఇబ్బందిగా చూశారు. ఆమె వెళ్లి చెయ్యి పట్టుకుంటే, నొప్పించకుండా ఆ చెయ్యి విడిపించుకున్నారు. అప్పుడు నా కూతురు వెనక్కి తిరిగి నన్ను చూసిన చూపు నేను పోయేదాకా పోదు.

మర్నాడు సుభద్ర కొత్త స్కానింగు తెర మీద పెట్టింది. మాట్లాడాల్సిన అవసరం లేకపోయింది. గాజుపళ్ళెంలో వేల సార్లు చూసిన బొమ్మే. మొదటి నెల తీసిన దాంట్లో మెదడంతా సన్నటి పోగుల వల. ఇప్పుడు వల లేదు. ఇరవై దాకా లావుపాటి తాళ్లున్నాయి, అంతే.

"పని జరిగే చోటికి నెత్తురు ఎక్కువ వస్తుంది. నెత్తురున్న చోట చక్కెర. బూజు చక్కెర వైపు పోయింది. రోజూ తొమ్మిదింటికి ఎక్కడ విందు దొరుకుతుందో దానికి తెలిసిపోయింది మేడం" అంది సుభద్ర.

"మిగతాచోట్ల బాగున్న నరాలు బాగానే ఉండాలి కదా. అది వదిలేస్తే వదిలేసింది" అన్నాను. నా గొంతు నాకే వాదులాడుతున్నట్టు వినిపించింది.

"అవి అప్పటికే బూజు మీద ఆనుకున్నాయి. ఇది లాగేసుకోగానే అవీ ఎండిపోయాయి."

"మళ్ళీ అల్లించలేమా? ఇప్పుడు రోజూ కూతుర్ని చూపించి, పాటలు వినిపించి..."

అంటూనే ఆగిపోయాను. వదిలేసిన దారికి అది మళ్ళీ రాదు. ఈ సంగతి సుభద్రకు నేర్పింది నేనే. ఆమె తల దించుకుని ఫైలు కాగితాలు సర్దుతూ కూర్చుంది.

సోమవారం మార్కులు ఎందుకు పడిపోయేవో కూడా అక్కడే అర్థమైంది. కూతురొచ్చిన రోజు ఆయన తలలో బూజు నాలుగు వైపులకూ పరుగెత్తేది. నవ్వుకు ఒక పోగు, పాటకు ఒకటి, ముంత మసాలాకు ఒకటి. మర్నాడు నా ఇరవై ప్రశ్నలకు సరిపడా బలం ఉండేది కాదు. ఆయన బాగున్న రోజులే నా కాగితం మీద తప్పులుగా పడ్డాయి. తప్పుల్ని నేను దిద్దాను.

బూజును తీసేయడానికి వీల్లేదు, తీస్తే తాళ్లతో పాటు మెదడూ వస్తుంది. మందుతో దాన్ని ఎండగట్టి నిద్రపుచ్చవచ్చు. అప్పుడు ఆ ఇరవై కూడా ఉండవు, ఊపిరి మాత్రం ఉంటుంది. ఈ రెండింటిలో ఏది కావాలో చెప్పమని సుభద్ర నన్నడిగింది. నేను పుస్తకాలన్నీ తిరగేశాను, పాత ఎలుకల లెక్కలు తవ్వాను. చేతులు కాలాక ఆకులు పట్టుకోవడమే. ఇంకే మనిషికీ ఈ పని చేయవద్దని నివేదిక రాసి పంపాను. అది బయటికి పొక్కాక పాలకొండ నుంచి ఒకాయన ఫోన్ చేశాడు. "మా అమ్మకి ఒక్క నా పేరు మాత్రం నేర్పించండమ్మా, మిగతాయన్నీ పోతే పోనీండి" అన్నాడు. ఫోన్ పెట్టేశాను. ఆయన మళ్ళీ చేశాడు. తీయలేదు.

తరళ కాలేజీకి సెలవు పెట్టి వచ్చేసింది. నాతో వారం రోజులు మాట్లాడలేదు. తండ్రి ఎదురుగా కూర్చుని పాత ఫోటోలు చూపించింది, పాటలు పాడింది, పేక ముక్కలు పంచింది. ఆయన మర్యాదగా చూసేవారు, ఎవరి బిడ్డో పాపం అన్నట్టు. ఎనిమిదో రోజు ఆమె వంటింట్లోకి వచ్చి, గిన్నెలు తోముతున్న నా వెనక నిలబడింది.

"ఇరవై ఒకటో ప్రశ్న పెట్టు."

"ఏమని?"

"తెలిసే అడుగుతున్నావా?"

పెట్టాను. కుర్చీ పక్కన తరళను నిలబెట్టి, రోజూ తొమ్మిదింటికి, ఇరవై అయ్యాక, "ఈ అమ్మాయి ఎవరు?" అని అడిగేదాన్ని. జవాబు నేనే చెప్పి, ఆయన చేత అనిపించి, అప్పుడు పాలు ఇచ్చేదాన్ని. ఎలుకకు కొత్త దారి నేర్పినట్టే. ఇరవై మూడు రోజులు పట్టింది. ఇరవై నాలుగో రోజు నేను ప్రశ్న పూర్తి చేయకముందే, "తరళ. మా అమ్మాయి" అన్నారు.

వందలోంచి ఏడు తీస్తే తొంభై మూడు అన్న గొంతే అది. అంటూ ఆయన చూసింది పాలగ్లాసు వైపు. తరళ వరండాలోకి పోయింది. నేను వెళ్లేసరికి గోడకు నుదురు ఆనించి ఉంది.

"నీకు మార్కు వచ్చిందమ్మా" అంది. "ఇరవై ఒకటి. రాసుకో."

నా కూతురి తండ్రిని నేను నా చేతులతో, శుభ్రంగా, తేదీలతో సహా చంపుకున్నాను. కోర్టులు లేని నేరం కాబట్టి ఇంట్లో తిరుగుతున్నాను.

తర్వాత ఆమె కాలేజీకి వెళ్లిపోయింది. కానీ ఆదివారాలు మానలేదు. తొమ్మిదింటి లోపు వచ్చి ఆ కుర్చీ పక్కన నిలబడేది. తన పేరు విని, కాస్త అన్నం తిని, మధ్యాహ్నం రైలుకు పోయేది. "ఎందుకే ఈ హింస నీకు?" అని ఒకసారి అడిగాను. "ఆ రెండు మాటలూ నాన్న నోట్లోంచే కదా వస్తున్నాయి. వినకుండా ఉండలేకపోతున్నాను" అంది. ఒక వారం నాకు జ్వరమొచ్చి ప్రశ్నలు ఆపితే, చివరి జవాబులు ముందు మసకబారాయి. ఆమె పేరు అన్నిటికంటే చివరిది. అందుకని మళ్ళీ జ్వరమొచ్చినా నేను ఆపేదాన్ని కాదు.

మొన్న ఆదివారం తరళ కాస్త ముందే వచ్చింది. ఆయన అప్పటికే స్నానం చేసి, ఇస్త్రీ చొక్కా వేసుకుని, పేము కుర్చీలో కూర్చున్నారు. తొమ్మిదికి అయిదు నిమిషాలుంది. నేను కాగితాల అట్ట పట్టుకుని ఎదుటి కుర్చీలో కూర్చున్నాను. తరళ ఆయన పక్కన మోకాళ్ళ మీద కూర్చుని నన్ను చూపించింది.

"నాన్నా, ఈవిడెవరు?"

"వద్దే" అన్నాను. ఇన్ని నెలల్లో నేను ఆ ప్రశ్న వేయలేదు. జాబితా రాసిన రోజున వేయాలని తోచలేదు. తర్వాత తోచినా ధైర్యం లేకపోయింది. అన్నం పెట్టేది నేను, స్నానానికి నీళ్లు తోడేది నేను. నన్ను చూస్తే బెదరరు, పిలిస్తే వస్తారు. ఆ మాత్రం చాలనుకుని ఆ ఒక్క తలుపూ తెరవకుండా ఉంచుకున్నాను.

ఆయన నన్ను తేరిపార చూశారు. దయగానే చూశారు.

"మేడం" అన్నారు. "రోజూ తొమ్మిదింటికి వస్తారు."

"ఎక్కడినుంచి వస్తారు?"

"తెలీదమ్మా." ఆయన కొంచెం ఆలోచించారు. ఆ తలలో ఆలోచనకు ఇంకా చోటుందని నేననుకోలేదు. "దూరం నుంచి కాబోలు పాపం. ఎప్పుడూ అలిసిపోయి ఉంటారు."

తరళ లేచి వచ్చి నా భుజాలు పట్టుకుంది. ఇన్నాళ్ల కోపం ఒక్క నిమిషంలో ఎటు పోయిందో పోయింది. "ఇరవై రెండోది రాయమ్మా. నేను నేర్పుతాను. నెల రోజుల్లో వచ్చేస్తుంది. నీ పేరు అంటారు."

నా చేతిలో పెన్ను ఉంది. కాగితం అడుగున ఒక్క వరసకు చోటుంది. 'వేణీ' అన్న పిలుపు ఎలా ఉండేదో నాకింకా చెవుల్లో ఉంది. పళ్ళెం చూసి అన్నప్పటిది, కాఫీలో చక్కెర ఎక్కువైనప్పటిది, అటక గురించి చెప్పి తనే నవ్వుకున్నప్పటిది. నెల రోజుల తర్వాత పాలగ్లాసు చూస్తూ అనే పేరు వింటే, ఆ పాతవన్నీ దాని కింద పడి పోతాయి. నా తలలో ఏ బూజూ లేదు. అయినా పోతాయి.

"వద్దు" అన్నాను. "నీ పేరు నేర్పాను, చాలు."

తరళ వెళ్లి తన చోట నిలబడింది. ఆయన గోడ గడియారం వైపు చూశారు, చొక్కా మెడ సర్దుకున్నారు.

"మొదలుపెడదామా మేడం?" అన్నారు.

నేను పెన్ను మూత తీసి, మొదటి ప్రశ్న అడిగాను.